హికరీ నారుమడి

ఇప్పుడు పొగని కూడా సంచుల్లో నింపి అమ్ముతున్నారు. మొన్న ఎండాకాలంలో ఒక ఆదివారం, ష్వైన్‌ఫర్ట్‌లో మెయిన్ నది ఒడ్డున మన తెలుగు కుర్రాళ్ళు కోడికాళ్ళకి అల్లం వెల్లుల్లి పట్టించి నిప్పుల మీద పరిచాక, ప్రణీత్ అనే వరంగల్ అబ్బాయి ఒక కాగితం సంచీ చింపి, పెళ్ళిలో అక్షింతలు వేసినంత భక్తిగా, అందులోంచి గుప్పెడు చెక్కముక్కలు బొగ్గుల మీద చల్లాడు. పొగ లేచింది. మాడిన బెల్లంపాకం గిన్నె, వేయించిన వేరుశనగ పొట్టు, వానలో తడిసి పొయ్యి పక్కన ఆరబెట్టిన తోలుచెప్పు, ఈ మూడూ ఒక్కచోట చేరితే వచ్చే వాసన అది. అరవై ఏళ్ళ కిందట నా చొక్కాకీ, మా అమ్మ చీర కొంగుకీ, ఒక ముసలి కుక్క వీపుకీ పట్టి ఉండిన వాసన.

"ఒరిజినల్ హికరీ అంకుల్. అమెరికాది. రివ్యూలన్నీ చదివి తెప్పించిన," అన్నాడు ప్రణీత్.

"సగం బీచ్ చెట్టు చెక్క కలిపారు నాయనా, మోసపోయావు" అన్నాను. సగం అన్నది అప్పటికప్పుడు కల్పించింది. కాస్త ఏదో ఒకటి తీసిపారేయకపోతే ఈ కుర్రాళ్ళు ముసలివాణ్ణి లెక్కచెయ్యరు.

ఆ మాటకి వాడు రోషపడి, చెట్లని గుర్తుపట్టే యాప్ తనదగ్గర ఉందని ఫోన్ తీసి, నది ఒడ్డున ఉన్న చెట్టుకి చూపించాడు. ఫోన్ రెండు గింగిరాలు తిరిగి అది హికరీ అని తీర్పు చెప్పింది. నాకు పొట్టచెక్కలయ్యేలా నవ్వొచ్చింది. దాన్ని చేసినవాళ్ళకి చెట్టు కింద మూత్రం పోసిన అనుభవమైనా ఉందో లేదో. చిన్న రెమ్మ విరిచి, కోడి కోసే కత్తితో ఏటవాలుగా కోసి, మధ్యలో బెండు చూపించాను. నిచ్చెన మెట్లలా గదులు గదులుగా ఉంది. అది అక్రోటు. హికరీకైతే బెండు నిండుగా, గట్టిగా ఉంటుంది. "ఫోన్‌కి ముక్కు లేదు, గోరు లేదు, కత్తి లేదు. అది నీకేం చెప్తుందిరా?" అన్నాను. జర్మనీ మొత్తంలో ఏడు రకాల హికరీల్ని కళ్ళు మూసుకుని గుర్తుపట్టగల తెలుగువాణ్ణి నేనొక్కణ్ణేనని కూడా అన్నాను. ఏడు కాదు, రెండు. మూడోదాన్ని ఎవరైనా ముందుగా పేరు చెప్తే గుర్తుపడతాను.

ప్రణీత్ కూతురు ఆద్యకి ఎనిమిదేళ్ళు. తెలుగులో అడిగితే జర్మన్‌లో జవాబు చెప్పే పిల్ల. "ఎఖ్ట్? నిజంగా?" అంది. "నిజంగానే. నీ అంత ఉన్నప్పుడే నా చేతుల్తో ఒక హికరీ చెట్టు పెంచాను. ఇక్కడికి గంట దూరంలో, అడవిలో, ఇప్పటికీ ఉంది. దాని పక్కన నా పేరుతో బోర్డు పెడతామని అటవీ శాఖవాళ్ళు ఉత్తరం రాశారు" అన్నాను. ఇంకేముంది, చప్పట్లు. మా తెలుగు సంఘం కార్యదర్శి అక్కడికక్కడే, బోర్డు పెట్టే రోజు చెట్టు కిందే శాలువా కప్పుతామని ప్రకటించాడు. మనవాళ్ళకి సన్మానించడానికి ఒక భుజం దొరికితే చాలు, ఎందుకన్నది తర్వాత ఆలోచిస్తారు.

ఉత్తరం సంగతి నిజమే, నేను చెప్పుకున్న కథ నమ్మే రాశారు. చెట్టు ఉన్నదీ నిజమే. ఆ బోర్డు మీద ఉండాల్సిన పేరు మాత్రం నాది కాదు. ఆ సంగతి తెలిసినవాళ్ళలో బతికి ఉన్నది నేనొక్కణ్ణే.

మా నాన్నగారు జర్మనీలో అడుగుపెట్టిన మొట్టమొదటి తెలుగు డాక్టరు. కాదులెండి, ఆ ఆసుపత్రిలో మొదటివాడు. అదీ రెండో అంతస్తులో. అరవైల్లో ఆయన ముందు వచ్చి, రెండేళ్ళ తర్వాత గోదావరి పక్క పల్లెలో రెండో తరగతి చదువుతున్న నన్నూ, అమ్మనీ రప్పించుకున్నాడు. ఆసుపత్రి ఉన్నది టౌన్లో, మాకు ఇల్లు దొరికింది అడవి అంచున ఒక పల్లెలో. ఆ పల్లెలో పొద్దున్నే పాల డబ్బాల చప్పుడు, వీధి నిండా ఆవుపేడ, ప్రతి ఇంటి గోడకీ ఎవరో కొలిచి సర్దినట్టు పేర్చిన కట్టెల దొంతర, శనివారం మధ్యాహ్నానికి మాత్రం ఆ వీధిని ఊడ్చి, కడిగి, ఆవులు తిరిగిన జాడ కూడా లేకుండా చేసే ఆడవాళ్ళు. మా అమ్మ కిటికీలోంచి చూసి, "ముగ్గెయ్యనివాళ్ళకి ఇంత కడుగుడు ఎందుకంట?" అనేది.

అమ్మకి ఆ దేశంలో దేనిమీదా గౌరవం లేదు. ఊరి చర్చి పండగకి ఇంటింటా నేతిలో వేయించే పళ్ళెమంత పిండివంట, మధ్యలో కాగితమంత పలచగా, అంచు ఉబ్బుగా, పైన పంచదార పొడితో, మాకూ ఒకటి పంపేవారు. అమ్మ ఒక ముక్క కొరికి, "బూరె అవుదావనుకుని మధ్యలో మానేసింది" అని తీర్పు చెప్పేది. బంగాళాదుంపలు ఉడికించి, తురిమి, పిండి చేసి, మళ్ళీ ఉండలు చుట్టి, మళ్ళీ నీళ్ళలో ఉడికించడం చూసి, "ఎన్నిసార్లు ఉడికిస్తే మాత్రం దుంప దుంపేగా" అనేది. గడ్డిలో పెరిగే పుల్లాకు ఒకటి కనిపిస్తే గోంగూర దొరికిందని పొంగిపోయి పచ్చడి చేసి, ఒక ముద్ద తిని, వారం రోజులు ఎవరితోనూ మాట్లాడలేదు. పచ్చి గూస్‌బెర్రీలతో చేసిన పప్పు ఒక్కటే ఆవిడ దగ్గర పాసయింది. అది కూడా అత్తెసరు మార్కులతోనే.

అక్కడి బడి మధ్యాహ్నానికే వదిలేసేవారు. వేసవిలో మిగతా పిల్లలు గడ్డి ఎత్తడానికి పొలాలకి పోయేవారు, శరదృతువులో గుర్రపు చెస్ట్‌నట్ కాయలకి అగ్గిపుల్లలు గుచ్చి ఏనుగులూ మనుషులూ చేసేవారు. నా జర్మన్ అప్పటికి ఆరునెలల వయసుది. నన్ను ఆటకి పిలిచేవాడు లేడు. మా ఇంటి వెనకే కంచె వేసిన నారుతోట ఉండేది, అటవీ శాఖది. ఆ కంచెకి ముఖం ఆనించి నిలబడేవాణ్ణి. అలా నిలబడగా నిలబడగా ఒకరోజు లోపల పనిచేసే మనిషి గేటు తెరిచింది.

ఆవిడే లీనా. తలకి రుమాలు, నీలం ఏప్రన్, మోకాళ్ళ దగ్గర ఎప్పటికీ వదలని మట్టి. యుద్ధం తర్వాత తూర్పున ఎక్కడో సైలీసియాలో ఉన్న ఇల్లు పోగొట్టుకుని ఇంతదూరం నడిచి వచ్చిన మనిషి. యుద్ధంలో నరికేసిన కొండలకి మళ్ళీ అడవి పట్టించింది అలాంటి ఆడవాళ్ళే. రోజంతా మోకాళ్ళ మీద జరుగుతూ, ఒక చేత్తో గొయ్యి, ఒక చేత్తో మొక్క. ఆవిడ నన్ను "బూబ్" అనేది, అంటే ఒరే అబ్బాయ్ అని. అమ్మ ఆవిడని "లీనక్కయ్యా" అనేది. అమ్మ తెలుగులో, ఆవిడ సైలీసియా యాసలో, కంచె మీద చేతులానించి గంటలు గంటలు మాట్లాడుకునేవారు. ఒక్క మాట కూడా అర్థం కాకపోవడంవల్ల కాబోలు, వాళ్ళిద్దరికీ ఏనాడూ మాటపట్టింపు రాలేదు.

అట్లతద్ది వచ్చింది. వాయనం ఇవ్వడానికి అమ్మకి ఒక ముత్తయిదువ కావాలి. నాన్న నవ్వి, "ఆవిడ మొగుడు యుద్ధానికి పోయి తిరిగిరాలేదే" అన్నాడు. అమ్మ అట్లకాడ పక్కన పెట్టి, "రాలేదన్నారు గాని పోయేడనలేదుగా" అంది. అంతే, అక్కడితో శాస్త్రం తేలిపోయింది. పదకొండు అట్లు, పైన బెల్లం ముక్క, పళ్ళెం నిండా పట్టుకుని నేనే వెళ్ళాను. లీనక్కయ్య ఆ పదకొండూ నారుతోట గట్టు మీద కూర్చుని, ఒక్కొక్కటే చుట్టచుట్టి తినేసి, ఏప్రన్‌కి చేతులు తుడుచుకుని, అడవిలోకి తీసుకెళ్ళి పెద్ద చెట్టు కొమ్మకి తాడు కట్టి మా అమ్మని ఉయ్యాల ఊపింది. అమ్మ చీర కుచ్చిళ్ళు దోపుకుని ఊగుతుంటే ఆకులు బంగారపు పసుపు రంగులో రాలుతున్నాయి. "విరగదు కదా?" అని అమ్మ తెలుగులో అరిచింది. లీనా కొమ్మ మీద పిడికిలితో గుద్ది చూపించింది. నేను మొట్టమొదట చూసిన హికరీ అదే.

ఆ చెట్లు ఓ ఇరవై ఉండేవి, అప్పటికి ఎనభై ఏళ్ళ కిందట ఎవరో ప్రయోగానికి వేసినవి. పల్లెలోవాళ్ళు వాటిని పరాయిచెట్లు అనేవారు. వాటి కట్టెకూడా పరాయిదానిలాగే మండుతుందనేవారు. ఆ మాట వింటే అక్కడి అటవీ అధికారికి, మేం ఫోర్‌స్టర్‌గారు అనేవాళ్ళం, మీసాలు నిలబడేవి. "పరాయివట! ఈ దేశాన్ని మంచు కప్పకముందు ఇవి ఇక్కడివే. వీళ్ళ ముత్తాతల ముత్తాతలు ఏ గుహలో ఉన్నారో అప్పుడు!" అని పైపు కింద పెట్టి మరీ తిట్టేవాడు. ఆయన గుడిసెలో పొయ్యిలోకి ఎండిన హికరీ కొమ్మలే వేసేవాడు, పొయ్యి ముందు ఆయన ముసలి కుక్క పడుకునేది. ఇందాక చెప్పిన వాసన అక్కడిదే.

చెట్టుని గుర్తుపట్టడం ఆయన నేర్పాడు. చలికాలంలో, ఆకు లేనప్పుడే. ఆకులున్నప్పుడు ఎవడైనా చెప్తాడు, అది పనికిమాలినవాళ్ళ విద్య అనేవాడు. రెమ్మ చివర మొగ్గ పసుపు కొమ్ము రంగులో ఉంటే అది చేదుకాయ హికరీ. మొగ్గ లావుగా, గోధుమరంగు పొలుసులతో ఉండి, ముదిరిన బెరడు పొడుగు పెచ్చులుగా లేచి కింద అంచు బయటికి వేలాడుతుంటే అది తీపికాయది. దానికి నేను పెట్టుకున్న పేరు చింపిరిది. వేసవిలో చూస్తే చింపిరిదానికి ఒక్కో ఈనెకి అయిదే ఆకులు, చివరి మూడూ అరచేయంత; పసుపు మొగ్గదానికి ఏడో తొమ్మిదో సన్నటివి. కాయ పండాక పైడిప్ప నాలుగు చెక్కలుగా విచ్చుకుంటుంది. అమ్మకి ఈ మొగ్గలూ ఈనెలూ పట్టలేదు. రెండు రకాల కాయలూ సన్నెకల్లు పొత్రంతో పగలగొట్టి నోట్లో వేసుకుంది. ఒకదాన్ని మెచ్చుకుంది, ఇంకోదాన్ని ఉమ్మేసి, "చేదు కూడా సరిగ్గా చెయ్యడం రాదు వీళ్ళకి. మన వేపకాయ దీనికి ముత్తాత" అంది. గుర్తింపులో ఆవిడే నిజమైన శాస్త్రవేత్త. ఒక్కసారి కూడా తప్పు చెప్పలేదు.

ఆ శరత్తులో ఫోర్‌స్టర్‌గారు చింపిరిదాని కాయలు ఏరించి, కొత్త మొక్కలు పెంచాలని నిశ్చయించుకున్నాడు. కాయల్ని బకెట్ నీళ్ళలో వేశాం. తేలినవి పుచ్చు, మునిగినవి మంచివి. మా తాతగారు విత్తనాల వడ్లు కూడా అలాగే చూసేవాడని నేను చేతులతో అభినయించి చెబితే ఫోర్‌స్టర్‌గారు నా వీపు తట్టాడు. ఆ తట్టుడే కొంప ముంచింది. ఆ క్షణంనుంచి నేను వ్యవసాయ పండితుణ్ణి. మంచి కాయల్ని తడి ఇసక పెట్టెలో, ఎలకలు రాకుండా జల్లెడ మూతేసి, చలికాలమంతా నేలమాళిగలో ఉంచారు. వసంతంలో, నా మోకాలిదాకా వచ్చే లోతైన చెక్కపెట్టెలో మెత్తటి మట్టి నింపి, ఒక్కొక్క కాయనీ పక్కకి పడుకోబెట్టి విత్తారు. "ముందు కిందికి పోతుంది, తర్వాతే పైకి వస్తుంది" అని ఫోర్‌స్టర్‌గారు ఇంకా చాలా చెప్పాడు. తల్లివేరు గురించి, దాన్ని ముట్టుకోకూడదని. ఆయన ఫ్రాంకోనియా యాసలో నాకు సగం అర్థమైంది. పనికొచ్చే సగం మాత్రం కాదు.

నలభై ఒక్క మొక్క మొలిచింది. జూన్ వచ్చేసరికి వేలెడు పొడుగున, పెట్టెలో కిక్కిరిసి, పచ్చగా. ఫోర్‌స్టర్‌గారు మోకాలి నొప్పికి వేడినీళ్ళ చికిత్స అని పదిరోజులు ఎక్కడికో వెళ్ళాడు. లీనక్కయ్యకి పై కొండ మీద స్ప్రూస్ మొక్కల్లో కలుపు తీసే పని పడింది. గేటు తాళం చెవి నాకిచ్చి, "బూబ్, రోజూ నీళ్ళు. నీళ్ళు మాత్రమే" అని వేలు చూపించి చెప్పి పోయింది.

ఆ తర్వాత జరిగిందాన్ని ఇన్నేళ్ళుగా నేను మూడు రకాలుగా చెప్పుకుంటూ వచ్చాను. మొదటి కథలో ఎలకలు వేళ్ళు కొరికేశాయి. ఇది జర్మన్లకి. రెండో కథలో మా అమ్మ, పాపం, పల్లెటూరి మనిషి, నారు ముదిరిపోతోందని నాచేత ఊడ్పించింది. ఇది మనవాళ్ళకి, బాగా నవ్వుతారు. మూడోది ఇది.

ఆ పెట్టె చూస్తే నాకు మా తాతగారి నారుమడి గుర్తొచ్చింది. అంత ఒత్తుగా, అంత పచ్చగా. అక్కడ ఈ ఎత్తు రాగానే ఆడవాళ్ళు వరసగా వంగి నారు పీకి, వేళ్ళని పాదానికేసి కొట్టి మట్టి దులిపి, కట్టలు కట్టి నీళ్ళలో పడేసేవారు. తర్వాత చెయ్యి చెయ్యికీ ఎడంగా బురదలో గుచ్చేవారు. నాకు తెలిసిన సేద్యమంతా అదే. ఈ దేశంలో నాకు తెలిసిన పని కూడా అదొక్కటే. ఇంటికొచ్చి అమ్మతో, "నారు ముదిరిపోతోందే, ఊడ్చెయ్యాలి" అన్నాను. అమ్మ కూర తరుగుతూ తలెత్తకుండా, "ఫోర్‌స్టర్‌గారిని అడిగేవా?" అంది.

"అడిగేను" అన్నాను.

ఆ అబద్ధమే అసలుది. మిగతాదంతా అజ్ఞానం; ఎనిమిదేళ్ళవాడి అజ్ఞానాన్ని ఎవరైనా క్షమిస్తారు, నేనూ క్షమించేసుకున్నాను. అమ్మ తన కత్తిపీట కూడా ఇచ్చింది. మర్నాడు బడి వదలగానే మొదలుపెట్టి, మట్టి నానేదాకా నీళ్ళు పోసి, ఒక్కో మొక్కనీ రెండు చేతుల్తో పట్టి లాగాను. వేలెడు మొక్కకి మూరెడు వేరు. కొన్ని పూర్తిగా వచ్చాయి, చాలావరకు మధ్యలో పటుక్కుమన్నాయి. ఎగుడుదిగుడుగా ఉంటే బాగోదని వేళ్ళన్నీ కత్తిపీట మీద సమానంగా తరిగాను. పాదానికేసి కొట్టి మట్టి దులిపాను. గడ్డిపరకతో నాలుగు కట్టలు కట్టి బకెట్‌లో నానబెట్టి, ఈలోపల ఇంకో మడి బురద చేసి, తాడు పట్టి, వెనక్కి నడుస్తూ, వరసగా ఊడ్చాను. అంత తిన్నటి ఊడ్పు మా తాతగారి చేలో కూడా పడలేదు. ఇది ఇప్పటికీ నమ్ముతున్నాను.

నలభై పీకాను. నలభై ఒకటోది, పెట్టె మూలలో ఉన్నది, రాలేదు. దాని వేరు పలకల సందులోంచి కింద నేలలోకే దిగిపోయింది. కాళ్ళు తన్నిపెట్టి లాగితే ఆకూ కాడా ఊడి చేతికొచ్చాయి, వేరు మాత్రం కదల్లేదు. నాకొచ్చిన తెలుగు తిట్లన్నీ దాన్ని తిట్టి వదిలేశాను.

సాయంత్రం లీనక్కయ్య వచ్చింది. గేటు దగ్గరే ఆగిపోయింది. నేను చేతులు నడుము మీద పెట్టుకుని మెప్పు కోసం చూస్తున్నాను. ఆవిడ మోకాళ్ళ మీద కూర్చుని, ఒక మొక్కని మెల్లిగా పైకి తీసి, తరిగిన వేరు కొసని బొటనవేలితో తడిమింది. మళ్ళీ గుచ్చింది. చీకటి పడేలోగా స్ప్రూస్ రెమ్మలు తెచ్చి అన్నిటికీ నీడ కట్టింది. రోజూ కొండ దిగివచ్చి నీళ్ళు చల్లింది. వారం తిరిగేసరికి నలభైకి నలభై, వరస తప్పకుండా, చచ్చిపోయాయి.

ఫోర్‌స్టర్‌గారు వచ్చిన రోజు నేను గేటెక్కి కూర్చుని రేగుపళ్ళ జామ్ రాసిన రొట్టె తింటున్నాను. రేగుపళ్ళు కావు, ప్లమ్ములు; అమ్మ వాటిని రేగుపళ్ళనేది. ఆయన కర్రతో ఒక ఎండిన మొక్కని తిరగేసి, వేరు చూసి, ముఖం నల్లబడి, "ఇవి క్యాబేజీలనుకున్నారా? ఎవరు చేసింది?" అని అరిచాడు. లీనక్కయ్య ఒకసారి నావైపు చూసింది. "నేనే" అంది. "మా వైపు అలాగే చేస్తాం."

నేను రొట్టె నములుతూనే ఉన్నాను. అప్పటికి నాకు జర్మన్‌లో "నేను" అనడం వచ్చు. బాగానే వచ్చు.

మరుసటి వసంతంలో ఆవిడని నారుతోట పనికి పిలవలేదు. నాన్న ఆసుపత్రిలోనే బట్టలుతికే చోట పని దొరికింది. అమ్మ సంతోషించి, "ఇప్పటికైనా నీడపట్టు పని దొరికింది, చేతులు తెల్లబడ్డాయి" అంది. నిజమే, మట్టి పోయి సబ్బు వాసన వచ్చేది ఆ చేతుల్లో. మొక్కలు పెంచే మనిషి చేతులు తెల్లబడితే ఏమిటో నాకు తెలుసు, అమ్మకి తెలియదు, లీనక్కయ్య నాతో ఏనాడూ ఆ మాట ఎత్తలేదు. అట్లతద్దికి పదకొండు అట్లూ మామూలుగానే తీసుకునేది.

నారుతోట వదలకముందు, ఆ ఏడాది ఆకులు రాలాక, ఒక పని చేసి పోయింది. నేను పీకలేకపోయిన నలభై ఒకటో మొక్క వేరునుంచి మళ్ళీ చిగిర్చింది. ఆవిడ పెట్టె పలకలు మేకులతో సహా ఊడదీసి, దాని కింద నేలని తన తొడలోతు తవ్వి, మట్టిగడ్డతో సహా గోనెలో చుట్టి, తోపుడుబండి మీద అడవి అంచుకి తీసుకెళ్ళి నాటింది. నేను వెంట ఉన్నాను. పార పట్టుకున్నానని చెప్తుంటాను; పట్టుకున్నది ఆవిడ అన్నం సంచీ. మోకాళ్ళ మీద కూర్చుని మట్టి అదిమి, "ఇదిగో బూబ్, దీన్ని చూసుకో" అంది. చూసుకున్నాను. రెండు వేసవులు నీళ్ళు పోశాను. ఒకటి. రెండో ఏడాది ఫుట్‌బాల్ వచ్చింది.

నేను బెర్లిన్‌లో ఇంజినీరింగు చదువుతుండగా నాన్న ఉత్తరం చివర ఒక్క వాక్యం రాశాడు, లీనా పోయిందని. పరీక్షలని వెళ్ళలేదు. అప్పుడు పరీక్షలు లేవు.

బోర్డు సంగతి మాట్లాడటానికి అటవీ శాఖవాళ్ళతో టెర్మిన్, అదే అపాయింట్‌మెంటు, అక్టోబరులో దొరికింది. ప్రణీత్ కారులో వెళ్ళాం. వాడు, ఆద్య, శాలువాతో కార్యదర్శి. నారుతోట ఉన్నచోట ఇప్పుడు నడకకి వచ్చేవాళ్ళ కార్ల పార్కింగు. మా అమ్మ ఊగిన చెట్టుతో సహా పాత హికరీలు చాలావరకు తుపానుకి పోయాయట. అడవి దారి పొడుగునా చెట్టుకొక బోర్డు, బోర్డుకొక గుడ్లగూబ బొమ్మ, "నీకు తెలుసా?" అంటూ పిల్లల్ని పిచ్చివాళ్ళలా పలకరించే ప్రశ్నలు. చెట్టుని చూసేవాడు ఒక్కడు లేడు, అందరూ బోర్డులే చదువుతున్నారు. మా చెట్టు మాత్రం నా రెండు చేతులూ చుట్టినా అందనంత లావై, పెచ్చులు పెచ్చులుగా బెరడు వేలాడేసుకుని, నేలంతా పసుపుపచ్చ చేసి, నాలాగే చింపిరిగా నిలబడి ఉంది.

కాత్రీన్ అనే అటవీ శాఖ అమ్మాయి టాబ్లెట్‌లో బోర్డు మీద రాయబోయేది చదివింది. మొదటి వరసలో చెట్టు పేరు, రెండో వరసలో దాని జన్మభూమి ఉత్తర అమెరికా. మంచుయుగం ముందు సంగతి ఆవిడకి ఎవరూ చెప్పినట్టు లేదు. మూడో వరసలో, ఈ పల్లెకి వచ్చిన మొదటి భారతీయ బాలుడు నాటి పెంచినది అని, నా పేరు. కార్యదర్శి శాలువా మడత విప్పాడు.

ఆద్య నావైపు తలెత్తి చూస్తోంది. ఆ పిల్లవయసే అప్పుడు నాది. "నేను నాటలేదు," అన్నాను జర్మన్‌లో, తర్వాత తెలుగులో. నలభై సంగతీ, కత్తిపీట సంగతీ, గేటు మీద రొట్టె సంగతీ అన్నీ చెప్పాను. ఎలకలు లేవని చెప్పాను. అమ్మ కాదని చెప్పాను. అంతా విని ఆద్య, "అంటే నువ్వు పీకలేకపోయావు కాబట్టి ఇది ఉంది" అంది, చక్కటి తెలుగులో. ఇన్నాళ్ళూ ఆ పిల్లకి తెలుగు రాదనుకున్నాను.

"అయితే ఆవిడ పేరు పెడదాం," అంది కాత్రీన్, వేలు తెర మీద ఆనించి. "లీనా, తర్వాత? ఇంటిపేరు?"

నేను చెట్టువైపు చూశాను.

"ఇంటిపేరు లేకపోతే మేం ముద్రించలేం. పాత కూలీల పట్టీలు వెతకాలన్నా ఇంటిపేరు కావాలి," అంది కాత్రీన్, నిజంగా బాధపడుతూనే.

ప్రణీత్ నా చెవి దగ్గరికి వంగి, "అంకుల్, మీ పేరే ఉండనియ్యుండ్రి. ఎవరికి తెలుస్తది? చిన్నప్పటి ముచ్చట," అన్నాడు. మంచివాడే. గేటు మీద కూర్చున్న కుర్రవాడు కూడా మంచివాడే. నేను వద్దన్నాను, మూడో వరస తీసెయ్యమన్నాను. కార్యదర్శి శాలువా మళ్ళీ మడతపెట్టాడు. దాని అదృష్టం, ఆ తర్వాతి ఆదివారమే ఇంకెవరికో పనికొచ్చింది.

బోర్డు పెట్టారు. రెండు వరసలు, కింద జానెడు ఖాళీ, ఆ ఖాళీలో ఒక గుడ్లగూబ. లీనక్కయ్యతో పనిచేసిన ఆడవాళ్ళు ఎవరూ లేరు, ఫోర్‌స్టర్‌గారు లేరు, అమ్మా నాన్నా లేరు. యూరో రాకముందు ఈ దేశపు యాభై ఫెన్నిగ్ నాణెం మీద మోకాళ్ళ మీద కూర్చుని మొక్క నాటుతున్న ఒక ఆడమనిషి బొమ్మ ఉండేది, అదీ పోయింది. అది చేతికొచ్చినప్పుడల్లా నేను ఐస్‌క్రీము కొనుక్కున్నాను.

చలికాలంలో ఆకు ఒక్కటి లేకుండా నిలబడ్డ చెట్టు మొగ్గ చూసి, అది ఏ హికరీయో రెండు క్షణాల్లో చెప్పగలను. సరే, కళ్ళజోడు వెతుక్కుంటే అయిదు నిమిషాల్లో. దాన్ని నాటిన మనిషి ఇంటిపేరు ఏమిటని అడిగితే మాత్రం, వయసు మీదపడింది, మర్చిపోయానని అందరితో అంటున్నాను.

మర్చిపోలేదు. ఎప్పుడూ అడగలేదు.